పిన్నుల మీద గంధం

పదకొండేళ్ళ పాటు నా బతుకు ఒకే ఒక్క ఫిర్యాదు మీద నడిచింది. మెనూ రావట్లేదు. తొంభైల మధ్యలో గాజువాకలో, టైర్ల కొట్టు పక్కన ఆరు టీవీలు పెట్టిన వీడియో గేమ్ షాపులో ఈ మాట వినడం మొదలుపెట్టాను. తెర మీద ఆట పేరు పడుతుంది, పాట మోగుతుంది, ఆడేవాడు స్టార్ట్ నొక్కుతాడు. ఆ తర్వాత ఒకరా ఇద్దరా, ఏ ఆట, ఎక్కడి నుంచి అని అడిగే జాబితా రావాలి. అది రాదు. తెర నల్లగా ఉండిపోతుంది, లేదా గళ్ళుగళ్ళుగా చెదిరిపోతుంది. అప్పుడు అందరూ నా వైపు తిరిగేవారు.

నన్ను డాక్టర్ అనేవారు. నా వైద్యం ఏమిటంటే, యంత్రంలోంచి ఆట క్యాసెట్ బయటికి లాగి, జనానికి వీపు తిప్పి, కళ్ళు మూసుకుని దాని నోట్లోకి మూడుసార్లు ఊదడం. తర్వాత అరచేత్తో ఒక్కటి చరిచి మళ్ళీ పెట్టడం. చాలాసార్లు పనిచేసేది. ఎందుకు పనిచేసేదో నాకు తెలియదు, తెలుసుకోవాలన్న బుద్ధీ లేదు. జనం నమ్మారు, నాకు అది చాలు.

మా నాన్న స్టీల్ ప్లాంటులో బొగ్గు కాల్చే కోక్ ఓవెన్ల దగ్గర పనిచేసేవాడు. గోదావరి జిల్లా నుంచి వచ్చి పదిహేనేళ్ళయినా మా ఇంట్లో ఊళ్ళో వాళ్ళని ‘ఇక్కడి వాళ్ళు’ అనే అనేవారు. వాళ్ళ మాట మోటని, వాళ్ళ వంట ఘాటని. నేను పాలిటెక్నిక్ రెండో ఏట మానేశాక నాన్న నాతో మాట్లాడటం ఆపేశాడు. కంచం ముందు కూర్చుంటే నా వైపు చూడకుండా లేచిపోయేవాడు. ఆ షాపులో డాక్టర్ అన్న పిలుపు తప్ప నాకు ఈ లోకంలో ఇంకో హోదా లేదు. ఇది సాకుగా చెప్పడం లేదు. నేను చేసినదానికి సాకు లేదు, నాకు అక్కర్లేదు కూడా.

షాపు ఓనరుది కృష్ణా జిల్లా. పోర్టులో క్రేన్ల మీద పనిచేసి, ముందుగానే రిటైర్మెంట్ తీసుకుని ఈ వ్యాపారం పెట్టాడు. ఆటల గురించి ఆయనకి ఏమీ తెలియదు. దేవుడి గురించి మాత్రం చాలా తెలుసు. పొద్దున్నే ఆరు టీవీలకీ అగరుబత్తి చూపించకుండా స్విచ్ వేసేవాడు కాదు.

ఒక మధ్యాహ్నం మూడో టీవీ దగ్గర మెనూ ఆగిపోయింది. నేను ఊదాను. మళ్ళీ ఊదాను. చరిచాను. రాలేదు. వెనకనుంచి ఎవరో మెల్లగా మాట్లాడారు.

“ఊదకు బావ. నీ ఊపిరిలో తడుంటది. ఆ తడే దాని రోగం.”

తిరిగి చూస్తే నా వయసువాడే, ఇరవై రెండేళ్ళుంటాయి. నల్లగా, పొడుగ్గా ఉన్నాడు. సముద్రం ఒడ్డు పేటలో చేపల వేటకెళ్ళే కుటుంబం వాడు. అప్పటికి రెండు మూడు రోజులుగా వచ్చి, ఆడకుండా నిలబడి చూసి పోతున్నాడు. ఒకసారి చూడొచ్చా అని అడిగి, ముందు బయట కుళాయి దగ్గర సబ్బుతో చేతులు కడుక్కుని, తుడుచుకుని వచ్చాడు. క్యాసెట్ స్క్రూలు విప్పి, లోపల ఉన్న రాగి పిన్నుల్ని పెన్సిల్ రబ్బరుతో రుద్దాడు. స్పిరిట్ అద్దిన గుడ్డతో తుడిచి, ఆరనిచ్చి పెట్టాడు. మెనూ వచ్చింది. జనం ఓహో అన్నారు. ఆ ఓహో నాది కాదు.

హార్బర్ దగ్గర పడవల వైర్‌లెస్ సెట్లు బాగుచేసే కొట్లో కొన్నాళ్ళు పనిచేశాడట. ఆ కొట్టు మూతపడింది. ఓనరు అక్కడికక్కడే అతన్ని పనిలో పెట్టుకున్నాడు. డాక్టరూ, నీకు తోడు దొరికాడు అన్నాడు నాతో. నేను నవ్వాను. ఆ రోజంతా మూడో టీవీ వైపు మళ్ళీ వెళ్ళలేదు.

అతని పద్ధతి చాలా సాదాగా ఉండేది. ఏ యంత్రం ముందు కూర్చున్నా ముందు ఆడేవాణ్ణి అడిగేవాడు, ఎక్కడ ఆగింది, ఆగేముందు ఏటి కనపడింది అని. ఆట పేరే రాకపోయినా, పేరు దగ్గరే ఆగినా పిన్నులు. పేరు వచ్చి మెనూ వచ్చి వణికి పోతే కరెంటిచ్చే అడాప్టర్. మెనూ నిలబడి బాణం గుర్తు కదలకపోతే చేతిలో రిమోట్. కొత్తగా సీడీ యంత్రం ఒకటి వచ్చినప్పుడు, అది లోగో చూపించి నల్లబడిపోతే నేను సీడీ మీద ఊదుతూ కూర్చున్నాను. అతను యంత్రాన్ని బోర్లా తిప్పి పెట్టాడు. లోపల సీడీని చదివే కన్ను అరిగి కిందికి జారిందని, తలకిందులు చేస్తే మళ్ళీ సీడీకి దగ్గరవుతుందని చెప్పాడు. మెనూ వచ్చింది. నాకు అవన్నీ ఓపిగ్గా నేర్పాడు. నేను వింటున్నట్టు కనపడకుండా విని, ఒక్కటీ వదలకుండా నేర్చుకున్నాను.

మధ్యాహ్నాలు షాపు వెనక రేకుల కింద కలిసి తినేవాళ్ళం. వాళ్ళమ్మ పంపిన ఎండు నెత్తళ్ళ కూర నాకూ పెట్టేవాడు. కంపు అని ముఖం చిట్లించుకుంటూనే గిన్నె నాకేవాణ్ణి. అక్కడే ఒకరోజు తన సంగతి చెప్పాడు.

“నాకు సముద్రం పడదు బావ. పడవ ఒడ్డు దాటితే సాలు, కక్కుతాను. పేగులు బయటికొచ్చేదాకా కక్కుతాను. మా పేటలో ఆడోళ్ళు కూడా నవ్వుతారు. ఈ గాజువాకలో నీకు తప్ప ఎవులికీ తెలీదు.”

వాళ్ళ నాన్న రెండేళ్ళు గడువిచ్చాడట. ఆలోగా ఒడ్డు మీద ఏదో ఒక చోట నిలదొక్కుకుంటే సరే, లేకపోతే అన్నదమ్ములతో పాటు పడవెక్కాల్సిందే. ఏడాదిన్నర అప్పటికే అయిపోయింది. ఓనరు పెందుర్తిలో రెండో షాపు, అంతా సీడీ యంత్రాలతో, దసరా వెళ్ళగానే తెరుస్తానని అంటున్నాడు. దాన్ని చూసుకోవడానికి మా ఇద్దరిలో ఒకణ్ణి పంపుతాడు. ఎవర్ని పంపుతాడో టైర్ల కొట్టువాడికి కూడా తెలుసు. ఆ ఉద్యోగం వస్తే ఇక పడవ గొడవ ఉండదని అతను ఆశగా చెబుతుంటే, నేను నెత్తళ్ళ ముళ్ళు ఏరుకుంటూ తలూపాను.

మా ఓనరుకి ఆయుధ పూజ అంటే అన్ని పండగల్లోకీ పెద్దది. నవమి నాడు పనిముట్లన్నిటికీ గంధం, కుంకుమ పెట్టి, కొబ్బరికాయ కొట్టి, ఆ నీళ్ళు చల్లి, దశమి వెళ్ళేదాకా వాటిని ముట్టుకోనిచ్చేవాడు కాదు. సెలవుల్లో పిల్లలు తలుపు బాదినా తీసేవాడు కాదు. ఆయనకి ఇంకో నియమం కూడా ఉండేది. పనిముట్టులో పనిచేసే భాగం ఏదో దానికే బొట్టు పెట్టాలి. పోర్టులో క్రేనుకి ఒంటి మీద కాదు, కొక్కేనికి పెట్టేవాడట. కత్తికి పిడి మీద కాదు, పదును మీద. అలాగే క్యాసెట్‌కి పిన్నుల మీద పెట్టాలని ఆయన లెక్క.

కిందటేడు అతను ఈ సంగతి పసిగట్టి, క్యాసెట్లన్నీ పిన్నులు కిందికి వచ్చేలా పేర్చి, వీటికి బొమ్మే మొహం సార్ అని నచ్చజెప్పి బొమ్మల మీద పెట్టించాడు. ఈ ఏడు నవమి నాడు వాళ్ళింట్లో పడవ పూజకి అతను ఉండి తీరాలి. ముందురోజు వెళ్ళేటప్పుడు నాకు చెప్పాడు, క్యాసెట్లు బోర్లించి ఉంచమని, పిన్నులకి తడి తగలనివ్వద్దని. రెండుసార్లు చెప్పాడు. అలాగే అన్నాను.

నవమి పొద్దున క్యాసెట్లన్నీ నేనే బల్ల మీద వరసగా నిలబెట్టాను. పిన్నులు పైకి వచ్చేలా నిలబెట్టాను. ఓనరు సంతోషించాడు, ఈసారి సరిగ్గా పెట్టావోయ్ అన్నాడు. ఆయన ఒక్కొక్క క్యాసెట్ నోట్లోకి వేలు పోనిచ్చి గంధం రాస్తుంటే, గిన్నె పట్టుకుని పక్కన నడిచింది నేను. గంధం పలచబడితే ఇంకాస్త తీసి ఇచ్చింది నేను. కొబ్బరినీళ్ళు చల్లుతున్నప్పుడు అటు చివర పడలేదండీ అని చూపించింది కూడా నేనే. అంత శ్రద్ధగా నేను ఇంట్లో దేవుడి దగ్గర కూడా ఎప్పుడూ నిలబడలేదు.

షాపు తెరిచిన రోజు పండగ సెలవుల జనం పొద్దున్నే వచ్చి పడ్డారు. ఒక్క టీవీలో కూడా మెనూ రాలేదు. కొన్ని ఆట పేరు దగ్గరే ఆగాయి, కొన్ని అదీ చూపించలేదు. క్యాసెట్లు విప్పితే పిన్నుల మీద పచ్చగా చిలుము. ఓనరు మొహం మాడిపోయింది. అతను అప్పుడే పేట నుంచి వచ్చి, చేతులు కడుక్కుని, ఒక క్యాసెట్ ఎత్తి వాసన చూశాడు. నా వైపు ఒకసారి చూశాడు. తర్వాత ఓనరుకి చెప్పాడు. ఇది గంధం సార్, తడి రెండ్రోజులు ఆరక చిలుము పట్టింది, సాయంత్రానికల్లా అన్నీ తుడిచి బాగుచేస్తాను అని.

బాగవుతాయన్న మాట ఓనరు చెవిలో పడలేదు. గంధం అన్న మాటే పడింది. ముప్ఫై ఏళ్ళు క్రేను కొక్కేలకి బొట్టు పెట్టాను, ఒక్క కొక్కెం తెగలేదు, నా పూజ వల్ల చెడ్డాయంటావా అని కేకలేశాడు. అంతమంది ముందు ఆయనకి తల కొట్టేసినట్టయింది. దిక్కులు చూసి నన్ను పట్టుకున్నాడు.

“డాక్టరూ, నువ్వు చెప్పు. గంధానికి చెడతాయా ఇవి?”

ఆ ప్రశ్న వేసినప్పుడు నాకు భయం వేయలేదు. ఆనందం వేసింది. ఇన్నాళ్ళకి మళ్ళీ అందరూ నా వైపు తిరిగారు.

“గంధానికి చెడవండి. ఉప్పు చేతులకి చెడతాయి. ఏడాదిన్నరగా చేపల చేతులతో ముట్టుకుంటుంటే చిలుము పట్టక ఏం చేస్తుంది?”

రోజుకి ఇరవైసార్లు సబ్బుతో చేతులు కడుక్కునేవాడి గురించి ఆ మాట అన్నాను. ఓనరు మొహంలో రక్తం మళ్ళీ వచ్చింది. దేవుడి తప్పూ కాదు, తన తప్పూ కాదు, ఇంతకన్నా ఆయనకి ఏం కావాలి. ఇక నుంచి రావద్దని అక్కడికక్కడే చెప్పేశాడు.

అతను ఓనరుని వదిలేసి నా దగ్గరికి వచ్చాడు.

“బావ, నీకు సెప్పే ఎల్లాను కదా. ఒక్క మాట సెప్పు. ఇది పోతే మా అయ్య నన్ను పడవెక్కిత్తాడు, నీకు తెలుసు.”

అక్కడితో ఊరుకోవచ్చు నేను. కావలసింది దొరికింది. కానీ అతను అడిగిన తీరులో నేను నిజం చెబుతానన్న నమ్మకం ఇంకా ఉంది. ఆ నమ్మకం మీదే నాకు కోపం వచ్చింది. జనం వైపు తిరిగి గొంతు పెంచి చెప్పాను.

“పడవెక్కితే ఏమవుతుందో తెలుసా మీకు? కక్కుకుంటాడు. జాలరి ఇంట్లో పుట్టి సముద్రం చూస్తే కక్కుకుంటాడు వీడు.”

నవ్వారు. అందరూ నవ్వారు. ఓనరు కూడా పొట్ట పట్టుకుని నవ్వాడు. ఒకడు వాంతి చేసుకుంటున్నట్టు చప్పుడు చేశాడు. అతను తన అన్నం డబ్బా తీసుకుని వెళ్ళి బస్సెక్కాడు. అందులో ఆ రోజు కూడా ఇద్దరికి సరిపడా కూర ఉండే ఉంటుంది. అప్పుడు నాకు ఆ ఆలోచన రాలేదు.

ఆ సాయంత్రమే తలుపు దగ్గరకి వేసుకుని, పెన్సిల్ రబ్బరూ స్పిరిటూ తీసుకుని క్యాసెట్లన్నీ తుడిచాను. అన్నీ బతికాయి. ఉప్పు వదలగొట్టానండి అని ఓనరుకి చెప్పాను. దీపావళికల్లా పెందుర్తి షాపులో పెద్ద కుర్చీ నాదైంది.

అక్కడ నాకు బాగా పేరొచ్చింది. సీడీ యంత్రాలు ఆగితే తిరగేసేవాణ్ణి. సేవ్ చేసిన ఆట ఉన్న కార్డు పాడై మెనూ దగ్గర తిరుగుతూ ఉంటే, కార్డు తీసేసి ఆట మొదలుపెట్టించేవాణ్ణి. తర్వాత కంప్యూటర్లు వచ్చాయి. ఆట మొదలై మెనూ రావాల్సిన చోట తెర నల్లబడితే ముందు రంగుల సెట్టింగ్ తగ్గించేవాణ్ణి, అప్పటికీ రాకపోతే డిస్‌ప్లే కార్డు చూసేవాణ్ణి. యంత్రం ఏదైనా ముందు అడిగేది మాత్రం అదే, ఎక్కడ ఆగింది, ఆగేముందు ఏం కనపడింది అని. మీ పద్ధతే వేరండి అనేవారు జనం. అవునన్నట్టు చూసేవాణ్ణి.

అతని కబురు ఒకసారి తెలిసింది. వాళ్ళ పేట కుర్రవాళ్ళు కొందరు పెళ్ళికని పెందుర్తి వచ్చి, మధ్యలో ఆడుకోవడానికి నా షాపులో దూరారు. దసరా వెళ్ళిన వారానికే అతన్ని పడవెక్కించారట. కక్కుతూ అంచు మీద నుంచి పడిపోతాడని అన్నదమ్ములు నడుముకి తాడు కట్టి పడవకి కట్టేసేవారట. మొదటి నెలంతా అలాగే కట్టేసి తీసుకెళ్ళారట. వాళ్ళు వెళ్ళాక నేను ఈ సంగతిని షాపులో జోకుగా చెప్పాను. తాడు కట్టుకుని వంగి కక్కడం ఎలా ఉంటుందో నటించి కూడా చూపించాను. బాగా నవ్వించానని ఆ రోజు సంబరపడ్డాను.

రెండు వేల అయిదు ఆరు వచ్చేసరికి ఎవరింట్లో వాళ్ళకే కంప్యూటర్లు. షాపు మూతపడింది. నేను స్కూటర్ మీద ఇళ్ళకి తిరుగుతూ రిపేర్లు చేసేవాణ్ణి. భీమిలిలో సెల్‌ఫోన్లు అమ్మే ఒకాయన అప్పుడప్పుడు నాకు పని చెప్పేవాడు. ఒక ఆదివారం అక్కడి జాలరి వీధిలో ఒక ఇంటికి పంపాడు. పాప టీవీ గేమ్ పనిచెయ్యట్లేదు, మూడ్రోజులుగా ఏడుస్తోందని.

తలుపు తీసింది అతనే.

చూసిన వెంటనే నన్ను గుర్తుపట్టాడు. ఆ సంగతి నాకు తెలిసింది, నాకు తెలిసిందని అతనికీ తెలిసింది. మనిషి సగమయ్యాడు. బుగ్గలు లోపలికి పోయాయి. పెళ్ళి చేసుకుని అత్తవారి ఊరు వచ్చేశాడని తర్వాత అర్థమైంది. బావ అంటాడేమోనని చూపు సంచి మీదికి తిప్పుకున్నాను.

“రండి సార్” అన్నాడు.

లోపల ఎనిమిదేళ్ళ కూతురు టీవీ ముందు కూర్చుని ఉంది. బజారులో చవగ్గా దొరికే క్యాసెట్ యంత్రం. మెనూలో వంద ఆటల పేర్లు వచ్చి, వణికి, మాయమైపోతున్నాయి. పదేళ్ళ కింద అతను చూడకుండా చెప్పేసేవాడు దీని జబ్బు. ఇప్పుడు గుమ్మానికి చేరబడి చేతులు కట్టుకుని నిలబడ్డాడు. ఇంట్లో మీరు ఒకసారి చూడలేదా అని, ఏదో ఒకటి అనాలి కాబట్టి అన్నాను. అతని భార్య వంటింట్లోంచి నవ్వింది. ఆయనకి ఇలాటియ్యి ఏటీ తెలీవు బాబూ, వేట తప్ప ఏటీ రాదు, అదీ సరిగ్గా రాదు, ఇప్పటికీ పడవెక్కితే కక్కుతాడు అంది. పాప కూడా కిసుక్కున నవ్వింది. ఆ ఇంట్లో అది రోజూ ఉండే నవ్వని తెలుస్తూనే ఉంది. అతను భార్యకి గానీ కూతురికి గానీ గాజువాక సంగతి ఒక్క ముక్క చెప్పలేదు.

నేను పాపని అడిగాను. ఎక్కడ ఆగింది, ఆగేముందు ఏం కనపడింది అని. అతని మాటలు అతని ముందే, అతని వరసలోనే అడిగాను. పాప చెప్పింది. సంచిలోంచి వేరే అడాప్టర్ తీసి పెట్టాను. మెనూ వచ్చి నిలబడింది. పాప చప్పట్లు కొట్టి నా పక్కకి జరిగింది. నన్నో పెద్ద మనిషిని చూసినట్టు చూస్తూ అడిగింది.

“ఇవన్నీ మీకు ఎవులు నేర్పారు?”

అతను గుమ్మంలోనే ఉన్నాడు. వంటింట్లో గిన్నెల చప్పుడు ఆగింది, భార్య కూడా వింటోంది. మీ నాన్నే నేర్పాడమ్మా అంటే అయిపోయేది. ఆ ఇంట్లో అతని మీద పడే నవ్వు ఆ ఒక్క మాటతో ఆగిపోయేది. అతను నన్ను ఏమీ అడగలేదు, కళ్ళతో కూడా అడగలేదు. కింద నేల వైపు చూస్తున్నాడు. మాట నా నోటిదాకా వచ్చింది.

“ఎవరూ నేర్పలేదమ్మా. నా అంతట నేనే నేర్చుకున్నాను” అన్నాను.

అతను వచ్చి కూతురి తల మీద చెయ్యి వేశాడు.

“సూసావా, సార్ సొంతంగా నేర్సుకున్నారంట. నువ్వూ అలాగే సదువుకోవాల” అన్నాడు.